ఎర్తు గుంత

వాషింగ్ మిషన్‌కు బొట్టు ఎక్కడ పెట్టాలో నర్సమ్మకు కాసేపు తేలలేదు. ట్రాక్టరుకైతే ముందరి దీపాల నడుమ పెడతారు. కుట్టుమిషన్‌కు చక్రం మీద పెడతారు. దీనికి ముఖమేదో వీపేదో తెలియకుండా నాలుగు వైపులా నున్నగా, తెల్లగా ఉంది. చివరికి మూత ఎత్తే చోట మూడు వేళ్లతో పసుపు రాసి మధ్యలో కుంకుమ పెట్టింది. కొబ్బరికాయ కూడా మిషన్ మీదే కొట్టబోయింది కానీ కోడలు వందన చెయ్యి పట్టుకుని ఆపి, గడప అవతలి రాయి చూపించింది.

మిషన్ కావాలని పట్టుబట్టింది వందన కాదు, నర్సమ్మే. కోడలు నీళ్లోసుకుందని తెలిసిన నాటినుంచి ఆమెను బట్టల బండ దగ్గరికి రానివ్వలేదు. కొడుకు దామోదర్ ట్రాక్టర్ మెకానిక్కు. అతని ప్యాంట్లకు పట్టే గ్రీసు మామూలు గ్రీసు కాదు, ఉతికినవాళ్ల చేతులకు అంటుకుని అన్నంలోకి కూడా వస్తుంది. నర్సమ్మ మణికట్లు ఆ ప్యాంట్లు పిండీ పిండీ అరిగిపోయాయి. దవాఖానలో డాక్టరమ్మ వందనను బరువులెత్తొద్దని, గొంతుక్కూర్చోవద్దని చెప్పిన రోజున, ఇంకా ఇల్లు చేరకుండా ఆటోలోంచే కొడుక్కి ఫోన్ చేసి మిషన్ సంగతి తేల్చేసింది. అత్త ప్రేమ అలాంటిది. అడిగి ఇవ్వదు, అడ్డుపడితే వినదు.

బిగించడానికి కర్ణాకర్ వచ్చాడు. నల్లా పని, కరెంటు పని రెండూ అతనే చేస్తాడు. రెండింటికంటే ఎక్కువగా మాట్లాడతాడు. సిద్దిపేటలో ఏ వాడలో ఎవరింట్లో ఏ గీజరు కాలిందో అతని నోట్లో ఉంటుంది. వెనక వసారాలో బండకూ గోడకూ మధ్య మిషన్‌ను నిలబెట్టి, పాత నల్లా విప్పి, అక్కడ రెండు మూతులున్న జోడు బిగించాడు. ఒక మూతి బిందెకు, ఒక మూతి మిషన్‌కు. మర మీద తెల్లటేపు చుట్టేటప్పుడు వందన దగ్గర నిలబడి చూసింది. మర తిరిగే వైపే చుట్టాలట, ఎదురు చుడితే బిగించేటప్పుడు మొత్తం ఊడి చేతికొస్తుందట. మురికినీళ్ల పైపును మోరీలోకి వంచి, నీళ్లు ఊపుగా వచ్చినప్పుడు ఎగిరిపడకుండా వైరుతో కట్టాడు. స్టీలు పళ్లెంలో నీళ్లు పోసి మిషన్ మీద పెట్టి, నీళ్లు ఏ వైపు ఒరుగుతున్నాయో చూసి, ఆ కాలు కింద టైలు ముక్క దూర్చాడు. నర్సమ్మ ఆ సబ్బునీళ్లను కరివేపాకు చెట్టుకు మళ్లించవచ్చా అని అడిగింది. మళ్లిస్తే పప్పులో సబ్బు వాసన వస్తుందని కర్ణాకర్ అంటే, అది నిజమో వేళాకోళమో తెలియక ఊరుకుంది.

అంతదాకా పని సాఫీగా సాగింది. గోడ మీది కరెంటు బోర్డు విప్పాకే చిక్కు వచ్చింది.

మీటరు నుంచి ఇంట్లోకి వచ్చిన వైర్లు రెండే. మూడోది, పచ్చ వైరు, ఎక్కడా లేదు. ప్లగ్గు పెట్టే చోట మూడో పెద్ద రంధ్రం ఉన్నమాట నిజమే కానీ దాని వెనక గోడ తప్ప ఇంకేమీ లేదు. అయినా కర్ణాకర్ మిషన్ ప్లగ్గు పెట్టి స్విచ్చి వేసి, టెస్టర్ మొనను మిషన్ ఒంటికి ఆనించాడు. టెస్టర్‌లో చిన్న ఎర్రదీపం వెలిగింది. వందన తడి చేత్తో మూత అంచు తాకి చూసి, చటుక్కున చెయ్యి వెనక్కి లాక్కుంది. మోచేయి దాకా జిల్లుమంది.

కర్ణాకర్ దామోదర్ వైపు తిరిగాడు. “మీ ఇంటికి ఎర్తే లేదన్నా. వాకిట్ల గుంత తీసి, బొగ్గు, దొడ్డుప్పు పోసి, రాడు దించాలె. ఆ రాడుకెల్లి పచ్చ వైరు ఈడికి తేవాలె. అప్పుడు మిషన్ల ఏమన్న అయినా కరెంటు భూమిలకు పోతది, మనుషులకు పోది.”

గుంత అనే మాట వినగానే నర్సమ్మ కొబ్బరిచిప్ప కింద పెట్టింది. “ఈ ఇంట్ల గడ్డపార పడది. పిల్ల కడుపుతోటి ఉన్నది. కాన్పయి పురుడు ఎల్లనియ్యి. ఎంత లోతు తవ్వుకుంటవో అప్పుడు తవ్వుకో.”

ఇది నర్సమ్మ ఒక్కదాని పట్టింపు కాదు. కడుపుతో ఉన్న మనిషి ఇంట్లో ఉండగా అక్కడ ఎవరూ పునాది తీయరు, బోరు వేయరు. పందిరి గుంజలు పాతాల్సివస్తే ఆ గుంతలు కూడా గేటు అవతల వీధిలోనే తీస్తారు. నేలకు తగిలిన దెబ్బ కడుపులోని దానికి తగులుతుందని వాళ్ల భయం. కర్ణాకర్ పెళ్లాం కడుపుతో ఉన్నప్పుడు వాళ్ల అమ్మ కూడా ఇలాగే అన్నదట. అందుకని అతను గడ్డపార సంగతి మళ్లీ ఎత్తలేదు.

మరి ఈ జిల్లు మాటేమిటని వందన అడిగింది. చెప్పులు వేసుకుని ముట్టుకుంటే సరిపోతుందని దామోదర్ అన్నాడు. ఊరంతా అంతే కదా, కూలరు దగ్గర ఓ జత, ఫ్రిజ్జు దగ్గర ఓ జత చెప్పులు పెట్టుకుని బతుకుతున్నారు. వందన ఊరుకోలేదు. ఎండలు ముదిరితే చాలు, ఎవరో తడి కాళ్లతో కూలరు ముట్టుకుని పోయారనే కబురు ఏదో ఒక ఊరినుంచి వస్తూనే ఉంటుంది. వాళ్లకు చెప్పులు లేకనా అని అడిగింది.

కర్ణాకర్ తల గోక్కుని, అటూ ఇటూ చూసి, నల్లా పైపు మీద చూపు నిలిపాడు. అది పాత ఇనుప పైపు. భూమిలోంచే వచ్చింది. దానికి కడితే అదే ఎర్తు అన్నాడు. గరుకు కాగితంతో పైపు మెడ మీది తుప్పు గీకి, పచ్చ వైరు చుట్టి, గట్టిగా మెలిపెట్టాడు. టెస్టర్ ఆనిస్తే దీపం వెలగలేదు. అందరి మొహాలూ తేటపడ్డాయి. పట్టింపు పట్టింపులాగే ఉంది, మిషన్ మిషన్‌లాగే ఉంది. నర్సమ్మ కర్ణాకర్‌కు రెండోసారి చాయ్ పోసింది.

వీధిలోని పాత ఇనుప గొట్టాలు తీసేసి ప్లాస్టిక్‌వి వేశారన్న సంగతి అప్పుడు ఎవరికీ గుర్తు రాలేదు. ఇనుప పైపు ఇప్పుడు వీధి దాకా పోదు. ఈ ఇంటి గచ్చు కింద కొంత, గోడ కింద కొంత, పక్కింటి గచ్చు కింద కొంత, అంతే మిగిలింది. ఖాళీ మిషన్ వదిలే కాస్త కరెంటుకు అది సరిపోయింది కానీ, నీళ్లు నిండి తిరిగే మిషన్‌కు చాలదు.

పక్కిల్లు యాదవ్వది. యాదవ్వ నర్సమ్మకు తోడికోడలు, వందనకు పెద్దత్త. అన్నదమ్ములు పాలు పంచుకుని వాకిట్లో గోడ పెట్టుకున్నప్పటినుంచి రెండిళ్లకూ మాటల్లేవు. వందన ఈ ఇంటికి కోడలై వచ్చేనాటికే ఆ గోడకు నాచు పట్టింది. పెళ్లిళ్లలో ఎదురుపడితే తోడికోడళ్లు ఇద్దరూ కొంగులు సర్దుకుంటూ చెరో వైపు తిరిగిపోతారు. పైపు మాత్రం గోడకంటే ముందుది. భూములు పంచుకున్నారు, ఎడ్లు పంచుకున్నారు, ఇత్తడి బిందెలు కూడా పంచుకున్నారు కానీ నేల కింది పైపును పంచుకోవాలని ఎవరికీ తోచలేదు.

మరునాడు పొద్దున వందన మొదటి మోపు వేసింది. దుప్పట్లు, దామోదర్ ప్యాంట్లు. మిషన్ నీళ్లు తాగి, కాసేపు ఆలోచించి, గిర్రున తిరగడం మొదలుపెట్టింది. నర్సమ్మ పీట వేసుకుని దాని ముందు కూర్చుంది. టీవీ కూడా ఆమె అంత శ్రద్ధగా ఎప్పుడూ చూడలేదు. అప్పుడే గోడ అవతలినుంచి చిన్నపిల్ల కేక వినిపించింది. వెంటనే స్టీలు సీసా గచ్చు మీద పడిన చప్పుడు.

ఆ పిల్ల రిషిత. యాదవ్వ మనవరాలు. బడికి పోతూ నల్లా దగ్గర సీసాలో నీళ్లు పట్టుకోబోయింది. నల్లా కరిచిందని ఏడుస్తోంది. నల్లా కరవడమేమిటి, బడికి ఎగ్గొట్టడానికి ఇదో కొత్త వేషమా అని తల్లి గదమాయిస్తోంది. తర్వాత వీపు మీద దెబ్బ పడిన శబ్దం గోడ ఇవతలికి స్పష్టంగా వచ్చింది. పిల్ల ఏడుపు ఒక్కసారి ఆగి, రెట్టింపై మళ్లీ లేచింది.

వందన తమ నల్లా మీద చెయ్యి వేసింది. జిల్లుమంది. మిషన్ ప్లగ్గు పీకి మళ్లీ చెయ్యి వేసింది. ఏమీ లేదు. తాను అనుకుంటున్నది అబద్ధమైతే బాగుండునని మరోసారి ప్లగ్గు పెట్టి చూసింది. మళ్లీ జిల్లుమంది. ప్లగ్గు పీకేసి పక్కన పడేసింది.

“ఆ పిల్ల అబద్ధమాడుతలేదు అత్తమ్మా. కరిచింది మన మిషనే.”

నర్సమ్మ ఆమె రెట్ట పట్టుకుని లోపలికి తీసుకుపోయింది. గొంతు తగ్గించి, ఈ మాట గోడ దాటనివ్వొద్దని చెప్పింది. దాటితే మళ్లీ పంచాయితీ అవుతుంది, అన్నదమ్ములు మళ్లీ వీధికెక్కుతారు, ఈ ఒంటితో నీకు ఆ లొల్లి మంచిది కాదు అంది. అలా అంటున్నప్పుడు ఆమె కళ్లు వందన కళ్లలోకి చూడలేదు.

సాయంత్రం దామోదర్ వచ్చి పైపుకు చుట్టిన వైరు విప్పేశాడు. ఇక పక్కింటి నల్లా కరవదు, అయిపోయింది అన్నాడు. కవరులోంచి కొత్త రబ్బరు చెప్పులు తీసి మిషన్ ముందు జతగా పెట్టాడు. ఆ పిల్లకు పడిన దెబ్బ సంగతేమిటని వందన అడిగితే, వాళ్ల పిల్ల, వాళ్ల దెబ్బ అని టవలు భుజాన వేసుకుని స్నానానికి పోయాడు. దామోదర్ చెడ్డవాడు కాదు. లోకంలో చెడిన ప్రతిదానికీ ఒక వైరు విప్పితేనో ఒక నట్టు బిగిస్తేనో సరిపోతుందని నమ్మే మనిషి. మామ వెంకటనర్సయ్య పొలం నుంచి వచ్చి అంతా విని, ఆడవాళ్ల ముచ్చటలో తానెందుకన్నట్టు మంచం వాల్చుకున్నాడు.

పిల్ల ఏడుపు కంటే, ఏడుపు మధ్యలో ఆగిన ఆ ఒక్క క్షణం వందనను పట్టుకుంది. నిజం చెప్పి దెబ్బ తిన్న పిల్ల ఊపిరి బిగబట్టిన క్షణం అది.

పొద్దున లేస్తూనే మిషన్ వైరును చుట్టచుట్టి, ప్లగ్గును పాలిథిన్ కవర్లో పెట్టి, సుతిలి తాడుతో నాలుగు ముళ్లు వేసింది. చెప్పుల జతను తీసి గేటు దగ్గర పడేసింది. తర్వాత మిషన్‌లో ఆగిపోయిన బట్టలన్నీ తీసి బకెట్లో నానబెట్టి, చీర కుచ్చెళ్లు పైకి దోపి, బండ ముందు మెల్లగా కూర్చుంది. కడుపు అడ్డం వస్తుంటే ఒక మోకాలు పక్కకు జరిపి, దామోదర్ ప్యాంటు బండ మీద పరిచి, సబ్బు రుద్దింది. బ్రష్షు పట్టింది.

నర్సమ్మ వంటింట్లోంచి పరుగెత్తుకొచ్చి ప్యాంటు ఇవతలి కాలు పట్టుకుంది. వందన అవతలి కాలు వదల్లేదు.

“ఎర్తు పెట్టేదాక ఆ మిషన్ నేను ముట్ట. ఎవలను ముట్టనియ్య. గుంత తీయద్దంటవు, సరే. బట్టలైతే ఉతకాలె గదా.”

మొండితనమా అని నర్సమ్మ అడిగింది. అవునని వందన అంది. నర్సమ్మకు తిట్టాలనిపించింది, ఏడవాలనిపించింది. రెండూ చేయకుండా ఎదురుగా కూలబడి, బరువు బట్టలన్నీ తన వైపు లాక్కుంది. ఎవరి వైపు బట్టలు వాళ్లు ఉతికారు. దుప్పటి పిండేటప్పుడు మాత్రం రెండు కొసలూ ఇద్దరు పట్టుకోక తప్పలేదు. నర్సమ్మ కుడికి మెలిపెడితే వందన ఎడమకు మెలిపెట్టింది. నీళ్లు ఇద్దరి పాదాల మీదా పడ్డాయి. అత్త మణికట్టు నొప్పితో వణకడం కోడలు చూసింది. కోడలు నడుము మీద చెయ్యి వేసుకుని లేవడం అత్త చూసింది. అయినా ఇద్దరిలో ఎవరూ తగ్గలేదు.

తీగ మీద ఆఖరి బట్ట వేసి, వందన చేతులు తుడుచుకుని చెప్పులు తొడుక్కుంది. ఎటని నర్సమ్మ అడిగింది. పెద్దత్త వాళ్లింటికి అని చెప్పి, వద్దనే మాట వెనకనుంచి వినిపిస్తుండగానే గేటు తీసింది. ఆ గేటు నుంచి ఈ గేటుకు నాలుగడుగులు కూడా ఉండవు. ఇన్నాళ్లలో ఆమె అటు వైపు ఒక్కసారి కూడా నడవలేదు.

యాదవ్వ వసారాలో చాప మీద కూర్చుని చింతపండు గింజలు తీస్తోంది. పెద్ద మనిషి, పెద్ద బొట్టు. వచ్చినదెవరో చూసి చేతిలోని రాయి పక్కన పెట్టింది. కూర్చోమనలేదు. కడుపుతో ఉన్న మనిషిని నిలబెట్టకూడదని గుర్తొచ్చిందేమో, కాస్త ఆగి పీట ముందుకు తోసింది.

వందన కూర్చోలేదు. నిలబడే చెప్పింది. మిషన్ కొన్నామని, ఎర్తు లేదని, వైరును నల్లా పైపుకు కట్టామని, ఆ కరెంటే రిషితను కరిచిందని చెప్పింది. ఇప్పుడు వైరు తీసేశామని కూడా చెప్పింది. ఒక్క సంగతి కూడా దాచలేదు, ఒక్క సాకు కూడా చెప్పలేదు. లోపల బడి బట్టలు వేసుకుంటున్న రిషిత ఒంటి చేతికే చొక్కా తొడుక్కుని బయటికొచ్చింది. తల్లి వైపు చూసి, “నేను చెప్పిన గదనే” అంది. ఆ తల్లి గిన్నె తోముతున్న చెయ్యి ఆపి, కూతుర్ని దగ్గరికి లాక్కుని రెండో చెయ్యి తొడిగింది. గుండీలు పెట్టడం అయిపోయాక కూడా పిల్లను వదల్లేదు.

యాదవ్వ అంతా విని, ఎర్తు ఎందుకు పెట్టుకోలేదని అడిగింది. తాను కడుపుతో ఉన్నానని అత్త గుంత తీయనివ్వడం లేదని వందన చెప్పింది. యాదవ్వ గోడ వైపు తిరిగింది. ఆమె గొంతు పెద్దదే, ఇప్పుడు ఇంకొంచెం పెద్దది చేసింది.

“గా గోడకు పునాది తీసిననాడు నా కోడలు కడుపుతోటి ఉండె. గీ రిషితే కడుపుల ఉండె. గడ్డపార పడుతుంటే నా కోడల్ని లోపల పెట్టి తలుపేసుకొని కూసున్నం. ఆనాడు మీ అత్తకు యాదికి రాలేదా పిల్లా?”

ఆ సంగతే వందనకు తెలియదు. తాను తప్పు చెప్పుకోవడానికి వచ్చింది, ఇక్కడ అంతకంటే పెద్ద తప్పు ఒకటి ఎప్పటినుంచో కూర్చుని ఉంది. ఇక కరవదు, పిల్లను కొట్టొద్దని మాత్రం చెప్పి వచ్చేసింది.

నర్సమ్మ బండ మీద కూర్చుని ఉంది. ఖాళీ బకెట్లో చేతులు పెట్టుకుని ఉంది. గోడ అవతలి మాటలన్నీ ఆమె వినే ఉంటుంది. తిడుతుందని వందన ఎదురుచూసింది. నర్సమ్మ లేచి వంటింట్లోకి పోయి కూర పొయ్యి మీద పెట్టింది. మధ్యాహ్నం అందరికీ వడ్డించింది. తనకు పెట్టుకున్న అన్నం మాత్రం సగమే తిన్నది. దామోదర్ వచ్చి సుతిలి ముళ్లు చూసి, ఏమిటిదని అడగబోయి, తల్లి మొహం చూసి ఆగిపోయాడు.

మరునాడు నర్సమ్మ తలస్నానం చేసింది. పండగలకు తీసే ఎర్ర అంచు చీర కట్టింది. వెంకటనర్సయ్య చాయ్ గ్లాసు పట్టుకుని ఎటు ప్రయాణమని అడిగాడు.

“పక్కింటికి,” అంది నర్సమ్మ. అతను ఇంకేదో అనబోయాడు. “గోడ కట్టిననాడు నన్ను అడిగిన్రా? ఇయ్యాల నేను మిమ్ముల అడగను.” గేటు తీసుకుని పోయింది.

వందన గోడ పక్కన నిలబడింది. దొంగచాటుగా వినడం తప్పేనని ఆమెకు తెలుసు. కాళ్లు కదల్లేదు. అవతల చింతగింజలు రాలే చప్పుడు వస్తోంది. తర్వాత అత్త గొంతు వినిపించింది. అంత చిన్న గొంతుతో ఆమె మాట్లాడటం వందన ఎన్నడూ వినలేదు.

“యాదికొచ్చింది అక్కా. ఆనాడు నాకు యాదికొచ్చింది. ఇంట్ల మొగోళ్లకు చెప్పిన, ఇనలేదు. నీకెట్ల మొకం చూపియ్యాలె? నీ కోడలికి పురుడు ఎల్లిందాక నాకు కడుపునిండ ముద్ద దిగలే. పిల్ల మంచిగ పుట్టిందని తెల్సినంక గూడ, వచ్చి సూడనీకి మొకం చెల్లలేదు.”

గింజల చప్పుడు ఆగింది. వందన చెయ్యి గోడకు ఆనించి నిలబడింది. ఇన్నాళ్లూ అత్తది పంతమనుకుంది. పెళ్లిళ్లలో కొంగు సర్దుకుంటూ తల తిప్పుకోవడం కూడా పంతమే అనుకుంది. పంతానికీ సిగ్గుకూ దూరంనుంచి చూస్తే పెద్ద తేడా కనబడదు. వందన కళ్లు తడిశాయి. అత్త తన విషయంలో అంత గట్టిగా ఎందుకు నిలబడిందో ఆమెకు ఇప్పుడు తెలిసింది.

“నా ఇంట్ల తవ్వలేను. నాకు ధైర్యం చాలది. నీ ఇంట్ల ఇప్పుడు కడుపుతోటి ఎవలు లేరు. నీ వాకిట్ల గింత జాగ ఇయ్యక్కా. కొడుకును, పెనిమిటిని పంపలే. నేనే అడగవస్తి.”

యాదవ్వ ఇప్పుడు ఏమన్నా అనవచ్చు. గేటు చూపించవచ్చు. ఇన్నేళ్లు దాచుకున్నవన్నీ ఒక్కసారి తీసి ముందు పోయవచ్చు. అలా చేసినా కాదనడానికి ఎవరికీ నోరు లేదు.

యాదవ్వ లేచిన చప్పుడైంది. మోకాళ్లు పట్టుకుని లేస్తూ దేవుడి పేరేదో అనుకుంది.

“గుంత యాడ తీయాలెనో సూపియ్యి,” అంది.

కర్ణాకర్ మధ్యాహ్నానికి వచ్చాడు. జరిగినది విని అతని నోరు ఆ పూటకు మూతపడింది. పైపుకు కట్టింది తానే కదా. రిషిత ఎదురుపడినప్పుడల్లా చూపు తిప్పుకున్నాడు. గోడకు అవతల, జామచెట్టు నీడ తగలని చోట గుంతకు గుర్తు పెట్టాడు. గడ్డపార మొదటి పోటు పడకముందే నర్సమ్మ వచ్చి వందనను ఇంట్లో చివరి గదిలో కూర్చోబెట్టి తలుపు దగ్గరికి వేసింది. పక్కింటి గుంత పక్కింటిదే అయినా జాగ్రత్త జాగ్రత్తే అంది. వందన నవ్వుకుంది, కానీ లేవలేదు. నేల అదురుతుంటే కడుపు మీద చెయ్యి పెట్టుకుని కూర్చుంది. లోపల ఉన్నది ఒకసారి కదిలి మళ్లీ పడుకుంది.

గుంతలో రాడు దించి, చుట్టూ ఒక వరుస బొగ్గు, ఒక వరుస దొడ్డుప్పు పోసి తొక్కారు. వైరు ఇవతలికి రావాలంటే గోడకు బొక్క పెట్టాలి. నర్సమ్మ దీని గురించి కాసేపు ఆలోచించింది. గోడ నేల కాదు, గోడకు ఏ పట్టింపూ లేదు అని తేల్చింది. కర్ణాకర్ ఉలి ఆనించగానే సుత్తె అతని చేతిలోంచి తీసుకుని మొదటి దెబ్బ తానే వేసింది. నాచు పట్టిన పెచ్చు ఊడి ఎర్ర అంచు చీర మీద పడింది. దులుపుకోలేదు. ఇంకో దెబ్బ వేసి, చెయ్యి నొప్పి పుట్టాక సుత్తె ఇచ్చేసింది. పచ్చ వైరు గోడలోంచి ఇవతలికి వచ్చింది. తమ బోర్డులో కూడా మూడో వైరు లేదని యాదవ్వ కనుక్కుని, ఎలాగూ తవ్వాం కదా, అదే రాడుకు తమ ఇంటికీ కలపమంది.

వందన సుతిలి ముళ్లు విప్పి ప్లగ్గు పెట్టింది. టెస్టర్ దీపం వెలగలేదు. టెస్టర్ మాట ఆమె నమ్మలేదు. చెప్పులు విడిచి, తడి గచ్చు మీద రెండు పాదాలూ ఆనించి, అరచెయ్యి మొత్తం మిషన్ మీద పరిచింది. మిషన్ తిరుగుతున్న అదురు తప్ప ఇంకేమీ లేదు. అలాగే పక్కింటికి పోయి వాళ్ల నల్లా పట్టుకుంది. రిషిత తన తల్లి కొంగు వెనకనుంచి చూస్తోంది. వందన నల్లాను చాలాసేపు పట్టుకుని నిలబడ్డాక, ఆ పిల్ల ముందుకొచ్చి ముందు ఒక్క వేలు, తర్వాత చెయ్యంతా పెట్టింది.

పోయేముందు కర్ణాకర్ ఒక జాగ్రత్త చెప్పాడు. గుంత తడిగా ఉంటేనే ఎర్తు పనిచేస్తుంది, ఈ ఎండల్లో ఉప్పూ బొగ్గూ ఎండిపోకుండా రోజూ నీళ్లు పోయాలి అన్నాడు. అదెంత పని, నల్లా పక్కనే ఉంది కదా, తానే ఓ చెంబెడు పోస్తానని యాదవ్వ అంది. నర్సమ్మ ఒప్పుకోలేదు. మిషన్ తమదైనప్పుడు నీళ్లు కూడా తమ ఇంటినుంచే రావాలి అంది.

మరునాడు పొద్దున వందన మోపు వేసి మిషన్ నడిపింది. నర్సమ్మ తమ నల్లా దగ్గర బిందె నింపుకుని, నడుమున పెట్టుకుని, గేటు దాటి, పక్క గేట్లోకి పోయింది. నీళ్లు గుంతలో పోసిన చప్పుడు గోడ మీదుగా వినిపించింది. ఖాళీ బిందె గచ్చు మీద పెట్టిన చప్పుడు కూడా వినిపించింది. మిషన్ బట్టలు ఉతికింది, జాడించింది, పిండింది, చివర పాట పాడి ఆగిపోయింది. నర్సమ్మ రాలేదు. వందన చిన్న బట్టలు తీగ మీద వేసి, దుప్పట్లు బరువని వదిలేసి, గడపలో కూర్చుంది. అవతల రెండు గొంతులు ఆగకుండా నడుస్తున్నాయి. మధ్యలో యాదవ్వ నవ్వింది.

ఎండ నడిమింటికి వచ్చాక నర్సమ్మ ఖాళీ బిందెతో వచ్చింది. కొంగు చివర చింతపండు ముద్ద కట్టి ఉంది. కళ్లు ఎర్రగా ఉన్నాయి. ఒక్క బిందె పోసి రావడానికి ఇంతసేపా అత్తమ్మా అని వందన అడిగింది.

“నేల శానా ఎండిపోయి ఉన్నది బిడ్డా,” అంది నర్సమ్మ, బిందె బోర్లిస్తూ. “ఒక్కపారి పోస్తే గుంజుతలేదు. మెల్లమెల్లగ పోయాలె.”